ఆగల్ల అన్న మాట

పెనుకొండ వకీళ్ళు ఒక మాట అనేవాళ్ళు: "అమీనా లక్ష్మన్న రాసినాక దేవుడు దిగొచ్చినా మార్చలేడప్పా." కేసు గెలిచేవాళ్ళు ఆ మాట నవ్వుతూ అనేవాళ్ళు, ఓడేవాళ్ళు పళ్ళు నూరుతూ అనేవాళ్ళు. మాట మాత్రం ఒకటే.

కోర్టు ఉత్తర్వు పుట్టేది జడ్జి గారి బల్ల మీద. అయితే ఎవరి కోసం పుట్టిందో ఆ మనిషి గడప దాకా నడవడానికి దానికి కాళ్ళు లేవు. ఆ కాళ్ళు కోర్టు బంట్రోతైన అమీనావి. కాగితాన్ని సంచీలో పెట్టుకొని బస్సెక్కి, బస్సు పోని చోటికి ఆటో ఎక్కి, ఆటో కూడా పోని చోటికి నడిచి, ఫలానా మనిషిని పట్టుకొని, చదివి వినిపించి, సంతకమో వేలిముద్రో తీసుకొని, ఆ మనిషి ఏమన్నాడో కాగితం వెనక రాసి తిరిగి రావడం అతని పని. లక్ష్మన్న ఆ పని ముప్పై ఒక్క ఏండ్లు చేశాడు.

అతను పుట్టింది ధర్మవరం దగ్గర ఒక మెట్ట పల్లెలో, గొర్రెలు మేపుకునే ఇంట్లో. పదో తరగతి గట్టెక్కడమే ఆ ఇంట్లో పెద్ద వింత. మొదట ధర్మవరం కోర్టులో చేరాడు. అక్కడ సగం కాగితాలు నేతగాళ్ళ ఇండ్లకే. మగ్గం గుంతలో కాళ్ళు పెట్టుకొని కూర్చున్న మనిషి చేతిలో పోగు నడిపే నాడె ఉండగా లక్ష్మన్న ఏనాడూ సమను చాపలేదు. "ఆ వరస కానీ అన్నా, నిలబడతాలే" అని గుమ్మం దగ్గర నిలబడేవాడు. పట్టుచీర మీద చెయ్యి ఒకసారి వణికితే ఆ వణుకు కొన్నవాళ్ళ బీరువా దాకా పోతుందని అతనికి ఎవరూ చెప్పనక్కరలేదు.

తర్వాత పెనుకొండ. ఆ పక్క పల్లెల్లో మనుషులు దాక్కోవడంలో ఘటికులు. మొగుడు అటక మీద ఉంటే పెండ్లాం గడపలో నిలబడి, "ఊర్లో లేడు సామీ, బెంగుళూరుకు పోయినాడు" అనేది. లక్ష్మన్న కాదనేవాడు కాదు. అటక వైపు మొగం పెట్టి కాగితమంతా గట్టిగా చదివి, తలుపుకు అంటించి, "ఇంటిలో లేనందున తలుపునకు అంటించినాను" అని రాసేవాడు. ఒకసారి అటక మీది మనిషి తుమ్మాడు. లక్ష్మన్న "చిరంజీవ" అని తన దారిన తాను వచ్చేశాడు.

కక్షిదారు ఇంట్లో మంచినీళ్ళు కూడా తాగేవాడు కాదు. రిపోర్టులో ఒక అక్షరం ఎక్కువ రాసేవాడు కాదు, ఒక అక్షరం తక్కువ రాసేవాడు కాదు. మనిషి ఏమన్నాడో అదే. తిడితే తిట్టే. ఆ నిక్కచ్చితనం మంచిదే గానీ, మంచితనంతో పాటు కొంచెం బిగువు కూడా వచ్చింది. తన చెవి మీద అతనికి కొండంత నమ్మకం. ఆఖరి పోస్టింగు కన్నడ సరిహద్దు వైపు వచ్చినప్పుడు, హిందూపురంలో ఇల్లు బాడుగకు తీసుకొని, ఆరు నెలల్లో కన్నడం పట్టేశాడు. "ఈ బార్డరోళ్ళు ఏ బాసలో అన్నా నాకు రెండూ ఒకటే హేమా" అని భార్య హేమావతి దగ్గర మురిసిపోయేవాడు. కాలు జారితే తీసుకోవచ్చు గానీ నోరు జారితే తీసుకోలేమని సామెత. చెవి జారడం గురించి పెద్దలెవరూ ఏమీ చెప్పిపోలేదు.

*

అమరాపురం దాటినాక గుండ్లహట్టి అని ఒక పల్లె. అక్కడ గంగాధరకు మూడెకరాల మల్బరీ తోట ఉంది. పట్టుపురుగులు పెంచి, గూళ్ళను హిందూపురం మార్కెట్టుకు తోలుకుంటాడు. అతని తోటకు పోయే రస్తా ఈరన్న పొలం గట్టు పక్కనుంచి పోతుంది. ఈరన్న డెబ్బై దగ్గరపడిన మనిషి. నలభై గొర్రెలు, కొంచెం మెట్ట. ఇంట్లో కన్నడం, వీధిలో తెలుగు. అతని భార్య చౌడక్కకు మోకాళ్ళు పట్టేసి మూడేండ్లు. గొర్రెల వెంట పోయే మనిషి ఆ ఇంట్లో అతనొక్కడే.

గంగాధర లగేజీ ఆటో ఒకరోజు గట్టు మీదెక్కి అలసంద చేను తొక్కింది. మాటా మాటా పెరిగింది. రస్తానే నాది పొమ్మన్నాడు ఈరన్న. అడ్డంగా గోడ కట్టేస్తానని పునాదికి కాలవ తవ్వడం మొదలుపెట్టాడు. గంగాధర వకీలు దగ్గరికి పోయాడు. గోటితో పోయేది గొడ్డలి దాకా వచ్చింది. దావా తేలేదాకా గోడ పని నిలపాలని, ఉన్నది ఉన్నట్టే ఉండాలని కోర్టు ఇంజంక్షన్ ఇచ్చింది. ఏ ఊరి కోర్టో చెప్పడం లేదు, దాంతో ఈ కథకు పనిలేదు.

ఆ ఉత్తర్వు పట్టుకొని లక్ష్మన్న పోయేసరికి ఈరన్న మోకాలి లోతు కాలవలో నిలబడి ఉన్నాడు. చేతిలో గడ్డపార. పొలం పక్కనే ఉన్న ఇంట్లోంచి చౌడక్క, వచ్చిందెవరని కన్నడంలో, "యారు బందిరోదు?" అని అరిచింది.

"కోర్టినోరు కణే" అన్నాడు ఈరన్న, లక్ష్మన్న మీదనుంచి చూపు తిప్పకుండా.

లక్ష్మన్న కాగితం మొత్తం చదివాడు. కోర్టు తెలుగు ముగించి ఊరి తెలుగులో మళ్ళీ చెప్పాడు. "ఏం లేదప్పా ఈరన్నా. గోడ పని నిలపల్ల. ఉన్నది ఉన్నట్టే ఉండల్ల. దావా తేలినాక కోర్టు ఎట్ల చెప్తే అట్ల."

ఈరన్న కుడిచేతిలో గడ్డపార అట్లే పట్టుకొని ఎడమ బొటనవేలు చాపాడు. సిరా అద్ది ముద్ర వేయించుకున్నాడు లక్ష్మన్న. అలవాటు ప్రకారం, "ఏమంటావు?" అని అడిగాడు.

"ఆగల్ల" అన్నాడు ఈరన్న. మొగం ఎర్రగా ఉంది. "ఆగల్ల సామీ" అని ఇంకోసారి అన్నాడు.

లక్ష్మన్న అక్కడే, గట్టు మీద కూర్చొని, తొడ మీద కాగితం పెట్టుకొని రాశాడు: "ఉత్తర్వు చదివి వినిపించగా, పని ఆపడం కుదరదని ప్రతివాది చెప్పినాడు." రాసి, సంతకం చేసి, మధ్యాహ్నం బస్సుకు హిందూపురం చేరి, ముద్ద సంగటి తిని పడుకున్నాడు. ఆ పూట అతనికి బాగా నిద్రపట్టింది.

*

పద్దెనిమిది రోజుల తర్వాత గంగాధర మళ్ళీ కోర్టుకెక్కాడు. కాలవ పొడుగునా ఈరన్న తుమ్మకంప పరిచాడనీ, ఆపమన్న కోర్టును లెక్కచేయకుండా రస్తాను ఇంకా గట్టిగా మూసేశాడనీ ఫోటోలతో సహా అర్జీ పెట్టాడు. ఇంజంక్షన్ మీరినవాణ్ణి సివిల్ జైలుకు పంపమని వేసే అర్జీకి చట్టంలో వేరే నంబరుంది, వేరే పేరుంది. ఊళ్ళల్లో అన్నిటికీ ఒకటే పేరు, కంటెంపు. "ఈరన్న మింద కంటెంపు ఏసినారంట" అని గుండ్లహట్టిలో ఒక్కరోజులో పాకిపోయింది.

పెద్దవాళ్ళకు ఈ కంటెంపు వేరే రకంగా ఉంటుంది. ఉత్తర్వు వచ్చినాక ఏడాది దాకా ఫైలు కదలదు. పై కోర్టు కన్నెర్రజేస్తే ఇస్త్రీ చొక్కా వేసుకొని వచ్చి, బేషరతు క్షమాపణ అని ఒక కాగితం ఇచ్చి, అదే కారులో వెనక్కి పోతారు. చిన్నవాడికి ఆ కాగితం పేరు కూడా తెలియదు. తెలిసేలోపల గొర్రెలు వేరేవాళ్ళ దొడ్లో ఉంటాయి.

ఈరన్న తరఫున శామ్యూల్ అని ఒక కుర్ర వకీలు నిలబడ్డాడు. కాలవ ఉత్తర్వుకు ముందే తవ్వింది, ఆ తర్వాత ఒక్క రాయి కూడా పేర్చలేదు, జీవాలు పడకుండా కంప వేశాడు, అంతే, అని చెప్పాడు. జడ్జి గారు కోస్తా నుంచి కొత్తగా వచ్చినావిడ. ఓపిగ్గా విని, ఫైలు తిప్పి, "మీరు చెప్పేది బాగానే ఉంది. మరి ఈ రిపోర్టు సంగతేమిటి? ఆపడం కుదరదని మొదటి రోజే మొహం మీద చెప్పినవాడు, తర్వాత కంప వేస్తే దాన్ని కావాలని చేసింది కాదని ఎలా అనుకోను?" అన్నారు. అమీనాను సాక్షిగా పిలిపించమన్నారు.

కోర్టు గుమాస్తా వనిత ఆ సమనును లక్ష్మన్నకే ఇచ్చింది. ముప్పై ఒక్క ఏండ్లు ఊరందరికీ పంచినవాడికి తొలిసారి తన పేరున ఒకటి వచ్చింది. "సంతకం పెట్టు లక్ష్మన్నా" అని ఆమె నవ్వబోయి మానుకుంది. "కేసంతా నీ ఒక్క లైను మింద నిలబడిండాది. ఆ లైను ఉంటే ముసిలాయప్ప లోపలికి పోయినట్టే. మూడు నెల్లదాకా ఎయ్యొచ్చంట."

లక్ష్మన్నకు బాధ అనిపించింది గానీ భయం అనిపించలేదు. తాను రాసింది నిజం. నిజానికి తానేం చేయగలడు.

*

ఆ ఆదివారం హేమావతి చెల్లెలి ఇంటికని మొగుడూ పెండ్లాలు గౌరీబిదనూరు బస్సెక్కారు. కర్ణాటక బస్సు, కండక్టరుకు తెలుగు ముక్క రాదు. ముందు సీట్లో ఒక అవ్వ చెనక్కాయల మూటను దారికి అడ్డంగా పెట్టుకుంది. పక్కకు జరుపుకోమని కండక్టరు ఒకటికి రెండుసార్లు చెప్పాడు. ఇంతలో ఆమె దిగాల్సిన మలుపు వచ్చింది.

"ఆగల్ల! ఈడ ఆగల్లప్పా!" అని అరిచింది అవ్వ.

మూటకు ఇక్కడ చోటు చాలదంటోంది అనుకున్నాడు కండక్టరు. "యాకాగల్ల? ఆగుత్తె, సుమ్నె కూత్కొళ్ళి అజ్జి" అన్నాడు. ఎందుకు కాదు, అవుతుంది, ఊరికే కూర్చో అని. బస్సు మలుపు దాటిపోయింది. అవ్వ సీటు మీద చరుస్తూ ఆగల్ల ఆగల్ల అని గోల. కండక్టరు ఆగుత్తె ఆగుత్తె అని బుజ్జగింపు. బస్సంతా పగలబడి నవ్వింది. ఎవరో లేచి, అయ్యా, మీ బాసలో ఆగల్ల అంటే కాదు, కుదరదు. ఆమె బాసలో ఆగల్ల అంటే బండి నిలపాలి అని చెప్పేదాకా బస్సు ఆగలేదు. అవ్వ మూట నెత్తిన పెట్టుకొని ఆ కండక్టరు వంశాన్ని ఏడు తరాల దాకా తలుచుకుంటూ వెనక్కి నడిచిపోయింది.

హేమావతి కళ్ళలో నీళ్ళు వచ్చేలా నవ్వి, మొగుడి వైపు తిరిగింది. లక్ష్మన్న నవ్వడం లేదు. మొగం పాలిపోయి ఉంది.

"ఏమైంది? కండ్లు తిరుగుతాండాయా?"

"నేను పని నిలపల్ల అంటి హేమా. ఆ ఈరన్న ఆగల్ల అన్న్యాడు."

ఆమెకు అర్థం కాలేదు. గౌరీబిదనూరు చేరేదాకా అతను విప్పి చెప్పాడు. చౌడక్క కన్నడంలో అడిగింది, ఈరన్న ఆమెకు కన్నడంలో చెప్పాడు. ఆ వెంటనే ఆగల్ల అనేసరికి తన చెవి దాన్ని కన్నడం కింద జమకట్టింది. కానీ తనతో మాట్లాడిన మనిషి తెలుగు మనిషితో మాట్లాడుతున్నాడు. సామీ అన్నాడు. పని నిలపల్ల అని తానంటే, అవును సామీ, నిలపాల్సిందే అని ఒప్పుకున్నాడేమో. ఒప్పుకున్నవాణ్ణి తాను కాదన్నవాడిగా రాసి, జైలు గుమ్మం దాకా తెచ్చాడేమో.

"ఏమో అనేదే కదా" అంది హేమావతి. "రెండు నెల్లకు రిటైరవుతాండావు. పోయి కాగితంలో ఉండేది చదివి రా. నీ రాత నువ్వే కాదంటే రేపు నిన్నే బోనెక్కిస్తారు. ఇన్నేండ్ల పేరు యాడికి పోతాది?"

ఆమె మాటలో తప్పు లేదు. లక్ష్మన్నకు ఆస్తి అని చెప్పుకోడానికి ఆ పేరొక్కటే. నాలుగు రోజులు అన్నం సయించలేదు. ఈరన్నను పోయి అడుగుదామా అంటే సాక్షి కక్షిదారును కలవకూడదు. ఆ నియమం అతను ఎన్నడూ తప్పలేదు, ఇప్పుడు తప్పేదానికి మనసు రాలేదు. ఎటు తిరిగినా ఆ గట్టు, ఆ ఎర్రబడిన మొగం, ఆ ఒక్క మాట. ఐదో రోజు ఉదయం ఉతికిన ఖాకీ బట్టలు తొడుక్కొని, భార్యకు ఏమీ చెప్పకుండా కోర్టుకు పోయాడు.

*

కోర్టు హాలు నిండుగా ఉంది. ఈరన్న తలగుడ్డ తీసి చంకలో పెట్టుకొని గోడకు ఆనుకున్నాడు. చౌడక్క రాలేదు. గంగాధర తన వకీలు వెనక కూర్చొని ఉన్నాడు.

లక్ష్మన్న బోనెక్కి ప్రమాణం చేశాడు. గంగాధర వకీలు రిపోర్టు చూపించాడు. రాత నాదే, సంతకం నాదే అన్నాడు లక్ష్మన్న. పని ఆపడం కుదరదని ప్రతివాది చెప్పాడు కదా అని అడిగాడు వకీలు, కూర్చోడానికి సగం వంగుతూ.

"అట్ల చెప్పల్యా సార్. నేను అట్ల రాసినా."

వకీలు వంగినవాడు నిలబడ్డాడు.

"ఆయప్ప చెప్పింది ఒకటే మాట. ఆగల్ల. కన్నడంలో అయితే కుదరదని. మా తెలుగులో అయితే నిలపల్ల అని. నేను కన్నడం అనుకొని రాసినా. ఆయప్ప నాతో తెలుగులోనే మాట్లాడినాడు. ఉత్తర్వుకు ఒప్పుకొన్న్యాడనే ఇప్పుడు నమ్ముతాండా. నేను రాసింది తప్పు."

హాల్లో గుసగుసలు లేచాయి. అమరాపురం వైపు వాళ్ళు కుదరదనే అంటున్నారు, పెనుకొండ వైపు వాళ్ళు నిలపాలనే అంటున్నారు. జడ్జి గారు పెన్నుతో బల్ల మీద తట్టారు. "మా వైపు ఆగాలి అంటాం. ఇలాంటి మాట ఉంటుందని కూడా నాకు తెలియదు" అన్నారు.

గంగాధర వకీలు నెమ్మదిగా అడిగాడు. "ముప్పై ఒక్క ఏండ్లలో ఎన్నడైనా మీ రిపోర్టు తప్పని చెప్పినారా?"

"లేదు సార్."

"ఇప్పుడెవరు చెప్పించినారు?"

అన్ని ఏండ్లలో ఎవరూ లక్ష్మన్నను ఆ మాట అనలేదు. బోను కర్రను గట్టిగా పట్టుకున్నాడు. ఒక బస్సు, ఒక అవ్వ, ఒక చెనక్కాయల మూట అని చెబితే ఎవరు నమ్ముతారు? "ఎవరూ చెప్పించల్యా సార్" అన్నాడు.

జడ్జి గారు ఈరన్నను ముందుకు పిలిచి ప్రమాణం చేయించారు. "మీరు చెప్పండి. ఆగల్ల అని ఏ అర్థంతో అన్నారు? ఆపాలనా, ఆపననా?"

శామ్యూల్ మొగం వెలిగిపోయింది. తెలుగులోనే అన్నానంటే చాలు. రెండు మాటలు. దానికి అడ్డు చెప్పగలిగిన ఒకే ఒక్క సాక్షి బోనులో నిలబడి తన రాతను తానే కొట్టేసుకున్నాడు. ఈరన్న లక్ష్మన్న వైపు చూశాడు.

"కన్నడంలోనే అన్న్యా తల్లీ" అన్నాడు.

శామ్యూల్ నుదురు పట్టుకున్నాడు.

"ఆ సామి మంచోడు, నాకోసం చెప్తాండాడు గానీ, ఆయప్ప రాసిందే నిజం. కోపమొచ్చింది. నా చేన్లో నన్ను నిలపమంటారా అని కోపం. ఆగల్ల, చెయ్యను అనే అన్న్యా. రెండుసార్లు అన్న్యా. దేవుని మింద ప్రమాణం చేసి బొంకేదానికి నాకు మిగిలిన వయసు చాలదు."

"అంటే కోర్టు ఉత్తర్వును కాదన్నారు."

"నోటితో అన్న్యా తల్లీ. చెయ్యి అనల్యా. ఆ సామి కాగితం మడిచేలోపలే గడ్డపార గట్టు మింద పెట్టినా. మళ్ళా ఎత్తల్యా. ఉన్నది ఉన్నట్టే ఉండల్లని చదివినాడు కదా, గడ్డపార గూడా అండ్లోకే వస్తాదనుకొన్న్యా. గొర్రెల దొడ్డికి గుంజ నాటేదానికి పక్కింటోళ్ళ గడ్డపార అడుక్కొని తెచ్చుకొన్న్యా. గొర్రెపిల్ల కాలవలో పడి కాలిరిగితే కంప మాత్రం ఏసినా. అది తప్పయితే తప్పే."

ఎవరూ నవ్వలేదు. జడ్జి గారు గంగాధర పెట్టిన ఫోటోలు తీసుకున్నారు. ఒకటి ఉత్తర్వు అందిన సాయంత్రం తీసింది, రెండోది పద్దెనిమిది రోజుల తర్వాత. రెండింటినీ పక్కపక్కన పెట్టి వంగి చూశారు. రెండింట్లోనూ కాలవ ఎడమ గట్టు మీద గడ్డపార ఉంది, అదే చోట, అదే ఏటవాలుగా. రెండోదాంట్లో వానకు మొలిచిన గడ్డి దాన్ని సగం కమ్మేసింది. గంగాధరను పిలిచి చూపించారు. అతను ఫోటో చేతిలోకి తీసుకొని తల దించుకున్నాడు. "నేను కంపే చూసినా మేడమ్" అన్నాడు.

జడ్జి గారు లక్ష్మన్న వైపు తిరిగారు. "అతను గడ్డపార కింద పెట్టడం మీరు చూశారా?"

లక్ష్మన్నకు ఆ రోజంతా కళ్ళ ముందు తిరిగింది. ఇనుము రాయికి తగిలిన చప్పుడు. కాగితం మడుస్తూ తాను తల తిప్పి చూడటం. తిరిగిపోతూ దాన్ని దాటి అడుగు వేయడం. నాలుగు రోజులు అన్నం మానేసి ఆ ఒక్క మాటను అటూ ఇటూ తిప్పుకున్నాడే గానీ, ఇది ఒక్కసారి కూడా గుర్తు రాలేదు.

"చూసినా మేడమ్."

"మరి రిపోర్టులో లేదేం?"

"ఏమన్నాడో రాసినా మేడమ్" అన్నాడు లక్ష్మన్న.

*

వారానికి తీర్పు వచ్చింది. ప్రతివాది నోటి దురుసు కోర్టుకు నచ్చలేదనీ, అయినా ఆ క్షణం నుంచి పని నిలిపాడు కాబట్టి కావాలని ఉత్తర్వు మీరినట్టు కాదనీ రాసి, అర్జీ కొట్టేశారు. మూడు రోజుల్లో కంప తీసి, దావా తేలేదాకా కాలవ మీద బండలు పరిచి బండి పోవడానికి దారి ఇవ్వమన్నారు. ఈరన్న ఆ సాయంత్రమే కంప లాగేశాడు. బండలు మోయడానికి గంగాధర వచ్చాడని విన్నవాళ్ళు చెప్పారు. ఇద్దరూ మాట్లాడుకోలేదట, బండలు మాత్రం మోశారట.

కోర్టు వరండాలో ఈరన్న లక్ష్మన్న దగ్గరికి వచ్చి చేతులు జోడించాడు. "సామీ, నావల్ల నీ పేరు చెడిపోయె" అన్నాడు. లక్ష్మన్న అతని రెండు చేతులూ పట్టుకున్నాడు. వేలిముద్రకు తప్ప కక్షిదారును తాకడం అతనికి అదే మొదలు.

తీర్పు చివర్లో ఇంకో పేరా ఉంది. "అమీనా తన రిపోర్టును తానే కాదన్నాడు, కాదన్న మాట కూడా నిజం కాదని తేలింది. ఇతని రాత మీద గానీ నోటి మాట మీద గానీ ఈ కోర్టు ఆధారపడటం లేదు. సంజాయిషీ కోరవలెను." వనిత ఆ నకలు ఇస్తూ అతని మొగం చూడలేకపోయింది.

ఏడు రోజుల్లో జవాబివ్వాలి. ఆదివారం పొద్దున్నే శామ్యూల్ ఇంటికి వచ్చి తాను రాసిపెడతానన్నాడు. ఆ కుర్రవాడికి మనసు మంచిది. "వినికిడి తగ్గిందని డాక్టరుతో ఒక సర్టిఫికెట్ తీసుకొందామన్నా. వయసుకు అందరికీ వచ్చేదే. ఫైలు మూసేస్తారు."

"అట్ల చెయ్యి" అంది హేమావతి. "చెవులు సరిగ్గా పని చేయవని రాసేయ్. పీడా పోతాది."

"నా చెవులు బాగానే ఉండాయి హేమా" అన్నాడు లక్ష్మన్న. "అదే కదా బాధ."

శామ్యూల్ పోయినాక తెల్లకాగితం తీసుకొని కూర్చున్నాడు. ముప్పై ఒక్క ఏండ్లుగా ఎంతమంది గడపల్లో, ఎన్ని గట్ల మీద కూర్చొని రాశాడో లెక్కలేదు. తిట్టినవాణ్ణి తిట్టాడని రాశాడు. తిడుతూనే కాగితం కళ్ళకద్దుకున్నవాడు ఎవడైనా ఉన్నాడేమో అతనికి తెలియదు. చూసి ఉంటాడు, రాయలేదు. కాదు పొమ్మంటూనే నాగలి విప్పినవాళ్ళు ఎందరో, నోటితో సరే సరే అంటూ వెనక గోడ లేపినవాళ్ళు ఎందరో. వాళ్ళందరి మాటలూ ఆ కోర్టుల బీరువాల్లో తన అక్షరాల్లో ఉన్నాయి. వాళ్ళు చేసిన పనులు ఎక్కడా లేవు. ఆ కాగితాలు చూసి ఎవరికి ఏం శిక్ష పడిందో ఇప్పుడు ఎవరిని పోయి అడగాలి?

హేమావతి రెండుసార్లు కాఫీ పెట్టి ఇచ్చింది. రెండుసార్లూ చల్లారిపోయింది. పొద్దు వాలేముందు అతను రాశాడు: "నేను విన్నది రాసినాను. చూసింది రాయలేదు. తప్పు నాదే."

ఆ మూడు వాక్యాలు రాయడానికి అతనికి ఆదివారమంతా పట్టింది.